గోగు మడుగులో ఊరిన సినిమా

మీట నొక్కిన కన్యాకుమారి చెయ్యి ఇంకా మీట మీదే ఉంది. రీలు కదిలింది, పళ్ళచక్రాలు టకటకలాడుతూ ఫిల్మును లాక్కోవడం మొదలెట్టాయి, వెలుగు గొడౌను చీకట్లోంచి తిన్నగా పోయి ఆ చివర వేలాడుతున్న తెర మీద పడింది, పడి, ఏ బొమ్మా లేకుండా, కొత్తనీటి రంగులో కాసేపు వణికింది. ఇంక ఆపడానికి లేదు. ఆపొచ్చు, ఆపడానికేం భాగ్యం, ఇదే మీట వెనక్కి తిప్పితే బల్బు ఆరిపోతుంది, తలుపులు బార్లా తీసేసి మిషను పాడైందర్రా పొండి అని చెప్పొచ్చు, అందరూ కళ్ళు చిట్లించుకుంటూ ఎండలోకి వెళ్ళిపోతారు, రేపటికి మరిచిపోతారు. బయట అంత ఎండ కాస్తోందంటే లోపల నమ్మబుద్ధి కాదు. మొగుడు ధనరాజ్ సాలూరు నుంచి తన లారీ టార్పాలిన్లన్నీ తెచ్చి, కిటికీల మీద, పైకప్పు కన్నాల మీద, తలుపు సందుల మీద కప్పి, తాళ్ళతో బిగించి, ఎక్కడా సూదిమొనంత వెలుతురు రాకుండా చేశాడు. పాత రైసుమిల్లు గొడౌను అది. మిల్లు మూతపడి చాన్నాళ్ళయింది కాని తవుడు వాసన గోడల్ని ఇంకా వదల్లేదు, ఆ వాసనలోకి ఇప్పుడు జనం చెమట, తలల్లో ఆముదం, ఎవరో నములుతున్న వక్క, వేడెక్కిన బల్బు మీద కాలుతున్న దుమ్ము, అన్నీ కలిశాయి. ఊడుపులు అయిపోయి ఊరు తీరిగ్గా ఉన్న రోజులు. రారనుకున్నవాళ్ళు కూడా వచ్చారు. గోనెసంచులు పరుచుకుని ఆడవాళ్ళు ముందర, గోడలకి ఆనుకుని మగవాళ్ళు, చంటిపిల్లలు ఒళ్ళలో. శ్రీముఖలింగం నుంచి, ఏటి అవతలి ఊళ్ళ నుంచి కూడా ఆటోలు కట్టించుకుని వచ్చారు. కన్యాకుమారి తీసిన సినిమా అంట, మన ఏరే అంట, మన మడులే అంట.

సినిమా అనే ఆ మాటే తన కొంప ముంచుతుందేమో. ఇందులో కథ లేదు, పాట లేదు, ఒక్క మాట లేదు, అసలు చప్పుడే లేదు, ఉన్న చప్పుడల్లా ఈ ప్రొజెక్టరుదే. ఒకప్పుడు జీపులో ఊరూరా తిరిగి కుటుంబ నియంత్రణ సినిమాలు వేసిన మిషను ఇది, తుప్పు దులిపి, బెల్టులు మార్చి తను బతికించుకున్న మిషను, ఒక్క క్షణం మొండికేసిందంటే బల్బు ముందర ఆగిన ముక్క అక్కడికక్కడే కమిలిపోతుంది. కమిలితే ఇంకో కాపీ లేదు. కెమెరాలో తిరిగిన ఫిల్మే, తన చేత్తో కడిగిన ఫిల్మే, ఇప్పుడీ పళ్ళ మధ్య నలుగుతున్నదీ అదే. వేసిన ప్రతిసారీ ఒక కొత్త గీత పడుతుంది, ఒక పొర రాలుతుంది. కంప్యూటర్లోకి ఎక్కించుకోవచ్చు కదా అని అడగనివాళ్ళు లేరు. పెళ్ళికూతురి ఫొటో పంపించి పెళ్ళికూతుర్నే పంపించామంటే మీరు ఒప్పుకుంటారా అని రేఖని కూడా అడిగింది. రేఖ కలకత్తాలో ఓ చిన్న సినిమా ఉత్సవం నడిపే మనిషి, పుట్టింది విజయనగరంలోనే, మంచి పిల్ల. "మొదటి ప్రదర్శన మాకివ్వండి కన్యాకుమారి గారూ, అది మా నియమం, ముందు ఇంకెక్కడ వేసినా మావాళ్ళు తీసుకోరు," అంది ఫోన్లో. ముందు మా ఊళ్ళో వేస్తాను అంది తను. "ఊళ్ళో ఎవరు చూస్తారండీ ఇలాంటివి," అంది రేఖ, ఎగతాళికి కాదు, నిజంగా తెలుసుకుందామనే. అయినా తను మాట మార్చుకోలేదు, వడ్లు తన మడిలో పండితే మొదటి ముద్ద ఎక్కడ తినాలో ఇంకెవరో చెప్పడమేమిటని మొండికేసింది. ఫోన్ పెట్టేశాక ఆ మొండితనం అంతా నీరుగారిపోయింది. అప్పట్నుంచి ఇప్పటిదాకా గుండెలో ఒకటే మాట, ఏం చేశానూ, ఏం చేశానూ అని.

తెర మీద మట్టిరంగు చిక్కబడింది. అది వరద మొదటి రోజు వంశధార. గట్టు మీద నిలబడి తీసింది కాదు, మోకాలి లోతుకి దిగి, కెమెరా అద్దం నీటికి తగిలీ తగలకుండా పట్టుకుని తీసింది, అందుకే ఏరులా కనబడదు, ఏదో పెద్ద జంతువు వీపులా లేచి పడుతూ ఉంటుంది. ఎవరో దగ్గారు. "బొమ్మ పడనేదేటి," అన్నారెవరో. విజయనగరంలో ఇదివరకటి సినిమా వేసినప్పుడు కూడా మొదట వినబడింది ఆ మాటే. అప్పుడు తీసింది చిన్న సినిమా, ఘాట్‌రోడ్డు మలుపుల్లో లారీ క్యాబిన్ లోంచి కనబడే మంచు, అంతే, ధనరాజ్ పక్కన కూర్చుని చలికాలమంతా తీసింది. హాలు పెద్దది, ఏసీ వేశారు, ఇస్త్రీ బట్టలు కట్టుకుని జనం వచ్చారు. మొదలైన కాసేపటికే నిర్వాహకుడు పిల్లిలా వంగి వచ్చి మేడమ్, ప్రొజెక్టర్ ఏమైనా పాడైందా అని చెవిలో అడిగాడు. వెనకాల ఈల. ఆ తర్వాత కుర్చీలు ఒక్కొక్కటీ లేచిపోతున్న చప్పుడు, దప్, దప్, దప్, ఇప్పటికీ ఎక్కడైనా మడత కుర్చీ మూసుకుంటే ఒళ్ళు బిగుసుకుంటుంది. ముందు వరసలో అన్న నరసింగరావు ఉన్నాడు. చెల్లెలి సినిమా అని పొద్దున్నే పొలం పని ఆపుకుని, గంజి పెట్టిన చొక్కా వేసుకుని వచ్చాడు. సగంలో లేచి బయటికి వెళ్ళిపోయాడు. తను బయటికొచ్చేసరికి బండి పక్కన నిలబడి ఉన్నాడు, తలెత్తలేదు. "పెళ్ళి వీడియోలు బాగా తీసీదానివి కదే," అన్నాడు, ఆ మాట తర్వాత ఈరోజు వరకూ సినిమా ఊసే ఎత్తలేదు. ఇప్పుడు తలుపు పక్కనే నిలబడి ఉన్నాడు. కూర్చోలేదు. తలుపు పక్కన నిలబడ్డ మనిషి వెళ్ళిపోవడం తేలిక.

పెళ్ళి వీడియోలు బాగానే తీసేది, ఆ మాట నిజం. శ్రీకాకుళంలో స్టూడియోలో కూర్చుని ఎన్ని పెళ్ళిళ్ళు కత్తిరించింది, తలంబ్రాల వాన మీద గులాబీరేకుల వాన కలిపి, పెళ్ళికొడుకు మొహాన్ని హృదయం బొమ్మలో అతికించి, అప్పగింతల ఏడుపు మరీ ఎక్కువైతే కుదించి. కుదించగా తీసేసిన ముక్కల మీదే తనకి మనసు. పీటల మీద కూర్చున్న పిల్ల ఎవరూ చూడట్లేదనుకుని అరటాకు అంచుని గోటితో చీలుస్తూ ఉండటం, వంటసాల ఆవిర్లో ఎవరిదో చెయ్యి మాత్రం కనబడి మాయమైపోవడం, కెమెరా ఆపడం మరిచిపోతే నడుస్తున్నవాడి కాళ్ళు, నేల, నేల, నేల. పని అయిపోయాక వాటిని ఒకదాని పక్కన ఒకటి అంటించి చూసుకునేది. అందులో ఎవరి పెళ్ళీ ఉండేది కాదు, కాని పెళ్ళి ఉండేది, మూడుముళ్ళ కన్నా గట్టిగా ఉండేది. ఓనరు ఒకసారి భుజం మీంచి చూసి పొట్ట పట్టుకుని నవ్వాడు. అటక మీంచి పాత కెమెరా ఒకటి దింపించి ఇచ్చాడు, కరెంటు లేకుండా స్ప్రింగు చుట్టి తిప్పేది. "ఇది ఒట్టుకెల్లు తల్లీ, దీంట్లో తీస్తే ఎవడూ సూడడు, నీకు సరిపోతాది," అన్నాడు. తమాషాకి అన్నాడు గాని అంతకన్నా మంచి కానుక పుట్టింట్లో కూడా ఎవరూ పెట్టలేదు. ఆ స్ప్రింగు నిండా చుట్టితే ఒక మనిషి ఊపిరి బిగబట్టి ఉండగలిగినంత సేపు తిరుగుతుంది, ఆ పైన ఆగిపోతుంది. అందుకే కెమెరా తిరిగినంతసేపూ తను ఊపిరి తీయదు. తీస్తే బొమ్మ కదులుతుందని మొదట్లో అలవాటు చేసుకుంది, తర్వాత అదే కొలత అయిపోయింది. ఒక ఊపిరికి ఒక బొమ్మ. దాని కోసం ఎంతసేపు కూర్చోవాలో లెక్క లేదు. కొంగ వచ్చేదాకా కాదు, కొంగ వస్తుందన్న ఆశ చచ్చిపోయేదాకా, ఆ ఆశ పోయాక మిగిలిన ఖాళీ గట్టు అప్పుడు మొదటిసారి గట్టులా కనబడేదాకా.

ఫిల్ము కడగడానికి చీకటి గది కావాలంటే ఇంట్లో వడ్లగాదె ఉంది. కిటికీ లేదు, నిలువెత్తు మట్టిగోడలు, పైన చిన్న తలుపు. గాదె ఖాళీ అయిన నెలల్లో నిచ్చెన వేసుకుని అందులోకి దిగేది. పట్నం నుంచి పార్సిల్లో రావలసిన ఫిల్ము కడిగే మందులు ఒక తుపానుకి ఆగిపోతే, కాఫీపొడీ చాకలిసోడా కలిపి కడిగినవాళ్ళు ఉన్నారని చదివి, కాఫీ బదులు కరక్కాయ ఎందుకు పనికిరాదూ అనుకుంది. మొదటిసారి నల్లగా మాడిపోయింది. తర్వాత ఏమీ పడలేదు. ఆ తర్వాత ఒకరోజు గాదెలోంచి తడి ఫిల్ము మెడలో వేసుకుని నిచ్చెనెక్కి పైకొచ్చి వాకిట్లో ఎండకెత్తి చూస్తే, చింతపండు పులుసు రంగులో, మబ్బులో మెరుపులా, అమ్మ జగ్గమ్మ చేతులు నారు కట్ట విప్పుతున్నాయి. ఆరోజు అరిచిందో ఏడ్చిందో గుర్తులేదు. అమ్మ మాత్రం పొయ్యి మీది కరక్కాయ గిన్నె మూత తీసి వాసన చూసి, "పురిటాలికి కాసీ కసాయంలాగ ఉన్నాది, ఎవుర్తికే ఇది," అంది.

ఆ చేతులే ఇప్పుడు తెర మీదికి వచ్చాయి. తెర నిండా రెండు చేతులు. వేళ్ళ సందుల్లోంచి నీరు, నారు మొదళ్ళు, బురద, మళ్ళీ నీరు. మొహం లేదు. మొహం చూపించకూడదని పంతం పట్టింది, మొహం కనబడితే చూసేవాళ్ళు మొహాన్నే చూస్తారు, ఈవిడెవరు, ఎవరి కోడలు, ఎందుకలా ఉంది అని అడుగుతారు, చేతుల్ని వదిలేస్తారు. గోడల దగ్గర మగవాళ్ళు అటూ ఇటూ కదిలారు. అయిపోయింది, ఇంక లేచిపోతారు అనుకుంది. ధనరాజ్ పక్కకి చేరి తువ్వాలుతో ఆమె మెడ మీది చెమట తుడిచాడు, ఏదో లారీ ఇంజను వేడెక్కితే తుడిచినట్టు. అప్పుడు ముందు వరసలోంచి అమ్మ గొంతు, ఏ బెరుకూ లేకుండా, పొలంలో ఆ గట్టు నుంచి ఈ గట్టుకి వేసే గొంతు, "అవి నా సేతులే." అంతే, తేనెపట్టు మీద రాయి పడ్డట్టయింది. నీవని ఎలగ తెలుసు వదినా అని ఒకామె, కడియం మచ్చ సూడవేటే అని అమ్మ, నాదీ అలగే ఉంటాది మచ్చ అని ఇంకొకామె, అయితే నీవేనేమో పో అని ఎవరో, నవ్వులు. కన్యాకుమారికి వీపున చన్నీళ్ళు గుమ్మరించినట్టయింది. మాట్లాడకూడదు. ఇది నిశ్శబ్దంగా చూడాల్సిన సినిమా. ఎన్ని రకాల చప్పుళ్ళు పెట్టి చూసింది దీనికి, నీటి గలగల, పిట్టలు, ఊడుపు పాటే రికార్డు చేసి పెట్టి చూసింది, ఏది పెట్టినా బొమ్మ చిన్నదైపోయేది, ఇరుకు చెప్పులో కాలిలా ఇరుక్కునేది, చివరికి అన్నీ తీసేసి ఉత్త నిశ్శబ్దాన్ని మిగుల్చుకుంది, ఆ నిశ్శబ్దం దొరకడానికి రెండు వానాకాలాలు పట్టింది, ఇప్పుడు వీళ్ళు దాని మీద సంతలో కూర్చున్నట్టు కూర్చుని... "మాటాడొద్దని సెప్పనా," అన్నాడు ధనరాజ్ మెల్లిగా. చెప్పమనడానికే నోరు తెరిచింది. అంతలో తెర మీద గోగు మడుగు వచ్చింది.

గోగు మడుగు. దాని గురించి ఊరు ఎంత నవ్విందని. గోగు కోసి కట్టలు కట్టి, మడుగులో ముంచి, పైన మట్టిపెళ్ళలు బరువు పెట్టి, బెరడు మెత్తబడి నార విడేదాకా ఊరేస్తారు, ఆ కంపు ఊరంతా కమ్మేస్తుంది, కొత్తవాళ్ళు ముక్కు మూసుకుంటారు, ఊరివాళ్ళకి అది పంట చేతికొస్తున్న వాసన. ఆ ఏడు, కడిగి ఆరబెట్టిన ఫిల్మును పాత చీరముక్కలో మూటకట్టి తమ గోగు కట్టల కింద దోపింది. ఎందుకు దోపావంటే అప్పుడు చెప్పలేకపోయేది. బొమ్మ తీసింది తనే, కడిగింది తనే, అంతా తన ఇష్టమే అయిపోతోందని ఉక్కగా ఉండేది, ఏరూ మడుగూ కూడా ఒక చెయ్యి వెయ్యకపోతే ఇది వాటి సినిమా ఎలా అవుతుందని. టీకొట్టు దగ్గర మాట పుట్టింది, ఊరంతా నార ఊరేస్తే నరసింగరావు సెల్లెలు సినిమా ఊరేసింది అని. అన్న టీకొట్టుకి వెళ్ళడం మానేశాడు. నార తీసే రోజున మూట విప్పితే సగానికి సగం ఫిల్ము తెల్లగా వెలిసిపోయి ఉంది, చేతికి జిగట, గట్టు మీద కూలబడిపోయింది, అన్నాళ్ళ పనిని కోరి కోరి కుళ్ళబెట్టుకున్న దాన్ని ఏమనాలో తెలియక తనని తనే తిట్టుకుంది. మిగతా సగం చూడటానికి రెండు రోజులు ధైర్యం చాల్లేదు. చూశాక తిండి సయించలేదు, ఆనందానికి. ఊడుస్తున్న ఆడవాళ్ళ వరస, వంగిన నడుములు, ఆకాశం, అన్నీ పొరలు పొరలుగా లేచి, పోగులు పోగులుగా విడిపోయి, ఒకదాని మీంచి ఒకటి జారుతూ, నారలా, అచ్చం ఉతికి ఆరేసిన గోగునారలా బంగారు రంగులో ఊగుతున్నాయి. అలాంటి బొమ్మ తను తీయలేదు. తీయడం ఎవరి తరమూ కాదు.

ఇప్పుడు ఆ పోగులు తెర నిండా, అమ్మ నాలుగు తెల్ల పంచెలు కలిపి కుట్టిన తెర నిండా ఊగాయి, టార్పాలిన్ల మీద, మొహాల మీద కూడా ఆ రంగు పడింది. "నార," అన్నారెవరో. "నారేటి, మనుసులు, సూడు, నడుం వొంచి ఉన్నారు." "మనుసులే నారైపోనారా." "మరి అయిపోమేటి, ఇన్నేళ్ళు వొంగితే." నవ్వు, కాని ఇందాకటి నవ్వు కాదు. "నాకు మడుగు కంపొస్తన్నాది," అంది ఒక ముసలామె, "నాకూ వస్తన్నాది," అంది ఇంకొకామె, గొడౌను ఆ మూల నుంచి ఈ మూల దాకా నాకూ, నాకూ అని. కన్యాకుమారి తెరుచుకున్న నోరు అలాగే ఉండిపోయింది. వద్దని చెప్పొద్దు అన్నట్టు ధనరాజ్ చెయ్యి పట్టుకుంది, అతని చేతికున్న గ్రీజు తన చేతికి అంటింది. అప్పుడు తెలిసింది తను ఏం వెతికిందో. చప్పుడు బొమ్మలో పెట్టాల్సింది కాదు, బొమ్మకి ఎదురుగా కూర్చోబెట్టాల్సింది. గాదెలో ఒక్కతే చూసుకున్నన్నాళ్ళూ ఈ సినిమా సగమే ఉంది, నారు పోసిన మడిలాగా, మిగతా సగం ఇదిగో గోనెసంచుల మీద కూర్చుని వక్క నములుతోంది. రేఖకి చెప్పాలి. ఎవరు చూస్తారని అడిగావు కదమ్మా, చూడ్డం కాదు, వీళ్ళు చూస్తూ చూస్తూ సినిమాని పూర్తి చేస్తున్నారు. రేఖకి చెప్పొచ్చులే తర్వాత, కలకత్తా ఎక్కడికీ పోదు, పోయినా పోనీ. గుండెలో అన్నాళ్ళుగా కూర్చున్న ఆ ఏం చేశానూ అన్న మాట ఎప్పుడు లేచి వెళ్ళిపోయిందో, ఆ చోటు తుడిచిపెట్టినట్టు శుభ్రంగా ఉంది.

టప్ మని చప్పుడు. తెర తెల్లబడిపోయింది. ఫిల్ము తెగింది. చెయ్యి దానంతటదే మీట తిప్పింది, బల్బు ఆరింది, గొడౌను గుడ్డిచీకటి. తెగిన కొస చక్రం చుట్టూ తిరిగి పెళపెళలాడి ఆగింది. మడత కుర్చీల చప్పుడు కోసం చెవులు రిక్కించింది. ఇక్కడ కుర్చీలే లేవు. ఎవరూ లేవలేదు. అమ్మ గొంతు చీకట్లో తన పాటికి తను చెప్పుకుపోతోంది, పెద్ద వరదకి నీరు ఎందాకా వచ్చిందో, రాములోరి గుడి మెట్టు దాకా అని అమ్మ, మెట్టు దాటీసింది అని ఇంకెవరో. తువ్వాలు పరిచి, తెగిన కొసలు తడిమి పట్టుకునేసరికి పక్కన వెలుతురు పడింది. ఫోన్ లైటు. పట్టుకున్న చెయ్యి నరసింగరావుది. తలుపు దగ్గర్నుంచి చీకట్లో జనాన్ని తడుముకుంటూ వచ్చాడు. కొంచెంసేపు ఆమె చేతుల వంకే చూస్తూ నిలబడ్డాడు.

"తెగిన కాడ ఏటున్నాది?" అన్నాడు.

"మన దిగువ మడి అన్నా. వరద నీరు తీసీసిన తరవాత."

అతికించాలంటే నలిగిన కొసలు రెండువైపులా కొంచెం కత్తిరించాలి. బ్లేడు తీసింది. నరసింగరావు లైటు దగ్గరకి తెచ్చాడు, గోరంత గళ్ళల్లో తమ మడిని పోల్చుకున్నాడో ఏమో, ఊపిరి గట్టిగా వదిలాడు. "పారీకు," అన్నాడు. "ఒక్క ముక్కా పారీకు. ఉన్నదున్నట్టు అతుకు." నలిగిన చోట నలిగినట్టే అతికించింది. పని తెలిసినవాళ్ళు తిడతారు అలా అతికిస్తే, తెర మీద అక్కడ బొమ్మ ఎగిరిపడుతుంది. ఎగిరిపడనీ. ఈలోగా ముందు వరసల్లో పాట మొదలైంది, ఎవరు ఎత్తుకున్నారో తెలీదు, చీకట్లో ఊరికే కూర్చోలేక ఎత్తుకుని ఉంటారు, ఒకరంటే మిగతావాళ్ళు అందుకుంటున్నారు.

పైనున్న వానమ్మ దిగి రావె మడికి,
పచ్చ చీర పెడతాము నీ పుట్టుపండక్కి.

రికార్డు చేసినప్పుడు ఇదే పాట చచ్చిన పాములా ఉండేది. ఇప్పుడు గొడౌను రేకులు అదురుతున్నాయి. మీట నొక్కింది. అతుకు దగ్గర దిగువ మడి ఒక్కసారి ఎగిరిపడి కుదురుకుంది, పాట ఆగలేదు, పాట మీద తేలుతున్నట్టు బొమ్మ వచ్చింది, అన్నిటికన్నా కష్టపడిన బొమ్మ. వేసవిలో ఎండిన ఏరు, ఇసక, ఇసక మీద గాలి గీసిన గీతలు తీసి, ఆ రీలుని కెమెరాలోనే వెనక్కి చుట్టి, ఐసుపెట్టెలో దాచి, వరదొచ్చేదాకా ఆగి, అదే ఫిల్ము మీద నీటిని తీసింది. ఒక్కటే ఛాన్సు, సరిపడకపోతే రెండూ పోతాయి. నీళ్ళు ఇసక మీంచి పోతున్నాయి, ఇసక నీళ్ళలోంచి కనబడుతోంది, ఏరు ఎండే ఉంది, నిండే ఉంది, ఒకేసారి. "ఓలమ్మ," అంది ఎవరో, అరుపు కాదు, లోపల్నుంచి వచ్చిన మాట. పాట పాడేవాళ్ళ గొంతులు నెమ్మదించాయి గాని మానలేదు. మగవాళ్ళ వైపు నుంచి కూడా ఎవరో కూనిరాగం కలుపుతున్నారు. నరసింగరావు గొంతు అది. అన్న పాడగా విని ఎన్నేళ్ళయింది.

రీలు కొస బయటపడి గాల్లో కొట్టుకుంది. తెల్ల వెలుగు తెర మీద నిలిచిపోయింది. కన్యాకుమారి బల్బు ఆర్పడం మరిచిపోయింది. ఎవరూ చప్పట్లు కొట్టలేదు, వీళ్ళకి ఆ అలవాటు లేదు. లేవనూ లేదు. ఒళ్ళో పిల్లాణ్ణి అటు నుంచి ఇటు మార్చుకుని ఒకావిడ వెనక్కి తిరిగి చూసింది, ఆమెని చూసి ఇంకొకావిడ, అలా మొహాలన్నీ ప్రొజెక్టరు వైపు తిరిగాయి. "అయిపోనాదేటి," అన్నారు. అయిపోయిందన్నట్టు తల ఊపింది. "అయితే మరోపాలి ఎయ్యి," అంది అమ్మ, అన్నం మరికాస్త పెట్టు అన్నట్టు. ఔను, ఎయ్యి, ఎయ్యమ్మా అని గొడౌనంతా. ధనరాజ్ ఆమె మొహంలోకి చూశాడు. అతనికి తెలుసు, వేసిన కొద్దీ ఇది అరుగుతుంది. అరగనీ అనుకుంది కన్యాకుమారి. చెప్పులు అరుగుతాయి, రోలు అరుగుతుంది, అమ్మ చేతులు అరిగాయి, వాడకుండా పెట్టెలో పెట్టింది ఏదీ వీళ్ళది కాదు. రీలు వెనక్కి చుట్టింది, వేడెక్కిన ఫిల్ము చేతికి బతికున్న దానిలా తగిలింది, కొస చక్రాల్లోకి ఎక్కించింది. "బావా, నువ్వు నడుపు," అంది.

"నానా?" అన్నాడు ధనరాజ్. "ఎక్కడైనా గుద్దీనంటే?"

"ఘాట్‌రోడ్డు కన్నా తేలికే. గిర్రుమన్నంతసేపూ ముట్టుకోకు, చప్పుడు మారితే ఆపీ."

చీకట్లో కాళ్ళూ చేతులూ దాటుకుంటూ ముందుకు నడిచింది. తను ఎప్పుడూ అక్కడ నుంచి చూళ్ళేదు. ఎప్పుడు వేసినా మిషను చప్పుడు వింటూ, రీలు వంక చూస్తూ నిలబడటమే. ఎక్కడ ఖాళీ ఉందో తెలియక ఆగితే ఎవరో కొంగు పట్టుకుని కిందికి లాగారు, "కూకో, ఎనకున్నోలికి అడ్డు." గోనెసంచి మీద కాస్త జరిగి చోటిచ్చింది ఎవరో ముసలమ్మ, ఏటి అవతలి ఊరి మనిషిలా ఉంది, మాటలో ఒరియా యాస. తెర మీద వెలుగు పడింది. ముసలమ్మ ఆమె వైపు ఒరిగింది.

"ఇందాకటి ఆట సూసినావేటి?"

"సరిగ్గా సూడనేదు అవ్వా," అంది కన్యాకుమారి.

"ఇందులో కతేటీ ఉండదు, ముందే సెప్తన్నాను. కతకోసం ఎతుక్కోకు. తెర మీదకి కళ్ళు ఒగ్గీసి కూకోవాల, అంతే. ఒచ్చీదంతా మనదే."

"అలగా," అంది కన్యాకుమారి.

"అలగే మరి," అని ముసలమ్మ మడతపెట్టిన తమలపాకుని రెండుగా తుంచి, సగం ఆమె చేతిలో పెట్టి, తెర వైపు తిరిగింది.